పిల్‌సున్ తుడిచిన అద్దం

పదకొండింటికి వస్తామన్నవాళ్ళు పదింటికే వచ్చి వాకిట్లో నిలబడితే ఎవరికైనా ఒళ్ళు మండుతుంది. వచ్చినాయన పేరు నామ్‌గుంగ్, పట్నం మ్యూజియంలో ఏదో అధికారి. మనిషి మర్యాదస్తుడే, కాని తెల్ల గ్లౌజులు తొడుక్కుని వచ్చాడు, ఆ గ్లౌజులతోనే వంటింటి గుమ్మం దాకా వచ్చి, అమ్మా, ఆ అద్దాన్ని మీరు దేంతో తుడుస్తారు అని అడిగాడు. గుడ్డతో అంది పిల్‌సున్. ఏ గుడ్డ అన్నాడు. పాత గుడ్డ అంది. ఆయన మొహం ఎవరో చచ్చినట్టు పెట్టి, బూడిద గానీ వాడారా అని అడిగి, వాడానని చెప్పగానే కాగితం మీద ఏదో రాసుకున్నాడు. రాసుకోనీ. పంతొమ్మిదేళ్ళుగా వారానికోసారి తుడిచింది తను, ఈ గ్లౌజులాయన వాళ్ళమ్మ కాదు. ఇప్పుడు వీళ్ళందరికీ అన్నం కూడా తనే వండాలి, ఈయనకీ, పెట్టె మోయడానికి వచ్చిన ఇద్దరికీ, వ్యాను నడిపేవాడికీ. మొన్న ఫోనులో ముగ్గురే అన్నారు. సోయా మొలకలు ముగ్గురికి సరిపడా కడిగి పెట్టుకుంది, ఇప్పుడు ఇంకో చారెడు ఎక్కణ్ణుంచి తేను, మొలకలు నిలబెట్టి కేకలేస్తే పెరుగుతాయా. విహారం పెద్దస్వామికి ఇదేం పట్టదు. పొద్దున్నే వచ్చి, పిల్‌సున్, పదకొండులోపు అద్దాన్ని ఒకసారి శుభ్రంగా తుడిచి దూదిగుడ్డలో చుట్టిపెట్టు, ఆ పని నువ్వే చెయ్యాలి అని చెప్పి, ధ్యానానికని తలుపేసుకున్నాడు. ఆ పని నువ్వే చెయ్యాలట. ఈ మంగ్యోన్‌సా విహారంలో ఏ పని తను చెయ్యనిది ఉంది గనుక.

చేతులు తుడుచుకుని యమరాజు మండపంలోకి వెళ్ళింది. లోపల ఎప్పుడూ ఉండే చల్లదనం, పాత అగరుబత్తుల వాసన, వరసగా కూర్చున్న పదిమంది పాతాళపు న్యాయాధిపతులు, వాళ్ళ ఎర్ర మొహాలు. పైకప్పు కారి ఐదో ఆయన టోపీ మీద రంగు ఊడింది, మూడేళ్ళుగా చెబుతోంది బాగుచేయించమని. అద్దం వాళ్ళ ముందు చెక్క సింహం వీపు మీద నిలబెట్టి ఉంటుంది. అన్నం గిన్నె మూత కంటే కాస్త పెద్దది, కంచుది, ఎప్పటిదో, వెయ్యేళ్ళంటారు. వెనకవైపు తామరపువ్వు చెక్కి ఉంది, రేకులు పూర్తిగా విచ్చుకున్న పువ్వే, కాని దాని నడుమ గింజలు కూడా పండిపోయి ఉంటాయి. పువ్వు రాలాక కాయ కావడం లోకంలో రివాజు, ఇందులో రెండూ ఒక్క క్షణంలోనే. ముందువైపు సంగతీ అంతే. దాని ముందు నిలబడ్డ మనిషికి తను చేసిన పనీ దానివల్ల జరిగిందీ రెండూ కలిసి కనిపిస్తాయి, ముందొకటి వెనకొకటి కాదు, బట్టకి రెండు పక్కలూ ఒకేసారి చూసినట్టు. ఎవరిది వాళ్ళకే. పక్కవాడి బాగోతం చూద్దామని తొంగిచూస్తే తన బాగోతమే కనపడుతుంది. పిల్‌సున్ దాన్ని వెనకనుంచి పట్టుకుని, మొహం పక్కకి తిప్పుకుని, చేత్తో తడుముకుంటూ తుడుస్తుంది. పంతొమ్మిదేళ్ళలో ఒక్కసారి కూడా చూడలేదు. చూడలేదంటే ఎవరూ నమ్మరు. నమ్మకపోతే మానెయ్యండి.

చూసినవాళ్ళని మాత్రం చూసింది, కడుపునిండా చూసింది. అసలు ఈ అద్దం మీద తనకింత విసుగు పుట్టడానికి కారణం వాళ్ళే. వస్తారు, బూట్లు అడ్డదిడ్డంగా విప్పేస్తారు, లోపలికి పోయి చూస్తారు, బయటికొచ్చి మెట్ల మీద కూలబడి ఏడుస్తారు, ఏడుపయ్యాక ఆకలేస్తోందని వంటింటికి వస్తారు. ఒక బియ్యపు మిల్లు యజమాని చూసొచ్చి, పక్కనే ఉన్న పెళ్ళాన్ని, నువ్వు ఆరోజు నన్నాపి ఉంటే ఇంతదాకా వచ్చేదా అని అందరిముందూ తిట్టాడు. ఒక పంతులమ్మ చూసొచ్చి, ఇది అబద్ధం, నేనలా అనలేదు అని అద్దంతోనే వాదం పెట్టుకుంది. ఒక పడవ సరంగు ఏమీ కనిపించలేదన్నాడు, అనేసి మూడు గిన్నెల అన్నం తిని, పోయేటప్పుడు వంటింటి గోడకి తల ఆనించి చాలాసేపు నిలబడ్డాడు. ఆయనొక్కడే గిన్నె కడిగిపెట్టి వెళ్ళాడు. అందరి నోటా ఒకటే మాట, అందుకే. అందుకే ఇలా అయింది, అందుకే వాడు పోయాడు, అందుకే నాకు నిద్ర లేదు. ఆ మాట వింటే పిల్‌సున్‌కి పళ్ళ మధ్య ఇసుక పడ్డట్టుంటుంది. తన వంతు అందుకేలు తను ఇక్కడికి రాకముందే తినేసింది.

తను మాత్రం ఎందుకొచ్చింది, చూడ్డానికే వచ్చింది. మొక్పో నుంచి రెండు బస్సులు మారి, కొండెక్కి, గుండె బిగపట్టుకుని వచ్చింది. వచ్చిన రోజున ఎవరిదో నలభై తొమ్మిదో రోజు కర్మ, అరవైమంది చుట్టాలు దిగారు, వంటావిడ ముందురోజే పెద్దస్వామితో పోట్లాడి మూట సర్దుకుని పోయింది. తను మండపం దారి అడిగితే, అప్పటికింకా కనుబొమలు నెరవని పెద్దస్వామి అంగీ చేతులు పైకి మడుచుకుని బియ్యపు బస్తా ముందు దిక్కుతోచక నిలబడి ఉన్నాడు. అద్దం ఎక్కడికీ పోదమ్మా, ముందు ఈ బియ్యం కడిగిపెట్టు, పుణ్యముంటుంది అన్నాడు. కడిగింది. తర్వాత కూర తరిగింది. తర్వాత అరవై గిన్నెలు తోమింది. సాయంత్రానికి నడుం విరిగి, రేపు చూద్దాంలే అనుకుంది. మర్నాడు ముల్లంగులు వచ్చాయి. అలా ఒక రోజు, ఇంకో రోజు, పంతొమ్మిదేళ్ళు. భయపడ్డావని ఎవరైనా అంటే కొడుతుంది. తీరిక దొరకలేదు, అంతే. అద్దం ఎక్కడికీ పోదన్న పెద్దమనిషి ఇవాళ తనే దాన్ని వ్యానెక్కించి పంపుతున్నాడు, పక్క కొండ విహారంలో దొంగలు రెండు పటాలు ఎత్తుకుపోయారని, కప్పు కారుతోందని, ఇక మ్యూజియంలో గాజు పెట్టెలో పెడతారని, గాజు వెనక నుంచి అది ఎవరికీ ఏమీ చూపించదని. చూపించకపోతే పీడా పోయింది. కాని ఇది చివరి గంట. ఈ గ్లౌజులాయన తొందరగా రాకపోయి ఉంటే ఈ గంట ప్రశాంతంగా ఉండేది. ప్రశాంతంగా ఉంటే మాత్రం ఏం చేసేది, మొలకల బుట్ట ముందే కూర్చునేది.

ఏం చూడాలి అసలు. తనకి తెలియనిదేముంది అందులో. మొక్పోలో రేవు వెనక సందులో అద్దె ఇల్లు, రెండు గదులు, నడుమ వంటిల్లు. వంటింటి పొయ్యిలో చిల్లుల బొగ్గు బిళ్ళ పెడితే ఆ వేడీ, ప్రాణం తీసే బొగ్గు పొగా గదుల నేల కిందనుంచి పోయి గోడ అవతల గొట్టంలోంచి బయటపడతాయి. నేల మీద పసుపుపచ్చని నూనె కాగితం. అత్తగారి గదిలో ఆ కాగితం కింద మట్టి పగిలింది. ఇంటావిడకి చెబితే వసంతంలో చూద్దామంది. చాంగ్‌బేకి మూడుసార్లు చెప్పింది. మొగుడు కదా, మూడుసార్లూ విన్నాడు. ఆ రోజు చలికాలపు కిమ్చి ఊరగాయ పెట్టే రోజు, వంద క్యాబేజీలు ఉప్పులో ఊరుతున్నాయి, చేతులకి మంట. పొద్దున్నే పగులు చూసి, పిండి ఉడికించి జిగురు చేసుకుని, న్యూసుపేపరు నాలుగు పొరలు అతికించింది. గట్టిగా అతికించింది, తన పని ఎప్పుడూ గట్టిదే. పగులు గోడవారగా పోయి బట్టల పెట్టె కిందికి దూరింది. పెట్టె బరువు, ఒక్కర్తీ జరపలేదు. ఇంతలో ఎదురింటి టోఫు అమ్మే ఆవిడ, క్యాబేజీలు ఎప్పుడు తిప్పుతావు, ఉప్పెక్కిపోతాయి అని కేకేసింది. సరే, రేపు ఆయన ఇంట్లో ఉంటాడు, పెట్టె జరిపి మిగతాది అతికిద్దాం అనుకుని జిగురు గిన్నె మీద మూత పెట్టింది. జానెడు పగులు. రేపు అన్న మాట. ఇంతవరకూ ఏ మనిషికీ చెప్పలేదు, పెద్దస్వామికి కూడా చెప్పలేదు, బుద్ధుడికి చెప్పిందో లేదో గుర్తులేదు.

ఆ మర్నాటి పొద్దు గురించి తనిక కొత్తగా అనుకునేదేమీ లేదు. మిరాన్‌కి ఎనిమిదేళ్ళు. నానమ్మ పక్కనే పడుకునేది. ఎప్పుడూ తలుపు వైపు పడుకునే పిల్ల, దగ్గుతోందని ఆ రాత్రి అత్తగారు పక్క లాగి వెచ్చని చోట, గోడవార, పెట్టె పక్కన వేసింది, వేసి ఆవిడ తలుపు వైపు చలిలో పడుకుంది. పెట్టె కింది పగుల్లోంచి రాత్రంతా బొగ్గు పొగ గదిలోకి వచ్చింది, తలుపు సందులోంచి వచ్చిన గాలికి పెద్దావిడ బతికింది. వీధివాళ్ళంతా కలిసి ఇద్దర్నీ వాకిట్లో మంచు మీద పడుకోబెట్టి, అప్పట్లో అందరూ చేసే వైద్యమే, ముల్లంగి ఊరబెట్టిన పుల్లని నీళ్ళు నోట్లో పోశారు. పెద్దావిడ మింగింది. పిల్ల మింగలేదు. ఆ తర్వాత మొదలయ్యాయి అందుకేలు. గొట్టం మూత సరిగా తీయలేదు, అందుకే. బిళ్ళ తడిది కొన్నావు, చవగ్గా వస్తుందని, అందుకే. కిమ్చి రోజున ఇంటి మీద ధ్యాస లేదు, అందుకే. చివరికి ఒకరోజు అత్తగారు చెంచా కంచంలో పడేసి, నువ్వు ముల్లంగి నీళ్ళలో ఉప్పెక్కువ వేశావు, అందుకే పిల్ల గొంతు దిగలేదు అంది. మూడేళ్ళు ఇలాగే. చాంగ్‌బే ఏమీ అనకుండా ఓడ ఉద్యోగంలో చేరి, ఏమీ అనకుండా పూసాన్‌లో ఇంకో సంసారం పెట్టాడు. పిల్‌సున్ కూడా తిరిగి ఏమీ అనలేదు. నోటి చివర ఎప్పుడూ ఒక మాట ఉండేది, పక్క జరిపింది ఎవరు అని. అది మింగి, మింగి, ఒకరోజు బస్సెక్కింది. ఆ మాట ఎందుకు మింగాలి తను, ఏ జన్మలో బాకీ అని, ఇప్పటికీ గిన్నెలు తోముతూ ఎన్నిసార్లు అనుకుందో.

గుడ్డ చేతిలోనే ఉంది. అద్దం అంచు చల్లగా తగులుతోంది. బయట నామ్‌గుంగ్ ఎవరికో పెట్టె మూత ఎటువైపు తెరవాలో చెబుతున్నాడు, చెప్పిందే చెబుతున్నాడు. చూస్తే ఏమవుతుంది. జానెడు పగులూ మంచు మీద పిల్లా రెండూ ఒకేచోట కనిపిస్తాయి. రోజూ కనిపిస్తూనే ఉన్నాయి, దానికి కంచు అద్దం కావాలా. చూడకపోతే ఏమవుతుంది. ఏమీ కాదు, మధ్యాహ్నం వీళ్ళకి అన్నం పెడుతుంది. అలా అటూ ఇటూ కాకుండా నిలబడి ఉండగా వాకిట్లోంచి ఒక గొంతు వినిపించింది, అరిగిపోయిన గొంతు, కాని ఆ సాగతీత ఎక్కడ విన్నా పట్టుకుంటుంది.

“మిరాన్ వాళ్ళమ్మా.”

ఇరవై ఏళ్ళుగా ఎవరూ అలా పిలవలేదు. ఇక్కడ తను వంటమ్మ, లేదంటే పిల్‌సున్. గుడ్డ కింద పడింది. బయటికి వచ్చి చూస్తే ఒక టాక్సీ డ్రైవరు, యాభై ఏళ్ళవాడు, ఒళ్ళంతా చెమటతో వీపు మీదనుంచి ఒక ముసలామెని అరుగు మీదికి దించుతున్నాడు. ఇంత చిన్నదైపోయింది, మూటంత. అత్తగారు. వచ్చీరాగానే మెట్లని తిట్టింది, ఏ వెధవ కట్టాడో ఒక్కో మెట్టు ఒక్కో ఎత్తు అంది, ఈ కొండ మీద గాలికి మనుషులు ఎలా బతుకుతున్నారంది, డ్రైవరు ఒళ్ళు మెత్తగా లేదంది. కూతురింట్లో రేడియోలో విన్నదట, అద్దం వెళ్ళిపోతోందని, పంతొమ్మిదేళ్ళుగా దాన్ని తుడిచే వంటమ్మ పేరు పిల్‌సున్ అని. అల్లుడు తీసుకెళ్ళనన్నాడట. తన సంచీలో పైసలన్నీ ఊడ్చి టాక్సీ కట్టించుకుందట. పిల్‌సున్‌కి వచ్చిన మొదటి ఆలోచన, ఇప్పుడు నలుగురికి కాదు ఆరుగురికి వండాలని. రెండో ఆలోచన రాకముందే ముసలామె చేయి చాపి గాలిలో తడిమింది, తనెక్కడుందో తెలియనట్టు. కళ్ళ నిండా గంజి పొర.

కళ్ళు కనిపించనప్పుడు అద్దమెందుకు అని అడిగింది పిల్‌సున్, అడిగిన తీరు తనకే మొరటుగా వినిపించింది. నువ్వు చూసి చెప్పు అంది ముసలామె. ఎవరిది వాళ్ళకే కనపడుతుంది, నాకు మీది కనపడదు అంటే, నీదీ నాదీ వేరా ఏమిటి, ఒకటే ఇంట్లో ఒకటే రోజు జరిగింది, పద అంది. గ్లౌజులాయన గడియారం చూసుకుంటూ దగ్గరికొచ్చి, అమ్మా, ఇక ప్యాకింగు మొదలుపెట్టాలి అన్నాడు. పిల్‌సున్‌కి ఎక్కడిదో కోపం మొత్తం ఆయన మీదికి వచ్చింది. “పదకొండన్నారు. పదకొండు కాలేదు. అక్కడ కూచోండి” అంది. ఆయన నిజంగానే కూర్చున్నాడు.

ముసలామెని రెండు చంకల్లో చేతులేసి మండపంలోకి నడిపించింది. ఎముకలు తప్ప ఏమీ లేవు, ఆ ఎముకలు కూడా తనని తోస్తూ దారి చూపుతున్నట్టే ఉన్నాయి. లోపల కూర్చోబెట్టి, సరే, మీకేం తెలుసుకోవాలో చెప్పండి, ఎవరి తప్పో తేల్చాలా అంది. ఇన్నేళ్ళకి తప్పన్న మాట నోటి బయటికి వచ్చింది. ముసలామె విసుగ్గా చేయి విదిలించింది.

“తప్పూ గిప్పూ నాకెందుకే ఈ వయసులో. అందులో పిల్ల కనపడుతుందన్నారు. ఫోటో ఒక్కటైనా ఉందా మనకి? చూసి చెప్పు, ఎలా ఉందో.”

ఇదొకటుందని పిల్‌సున్‌కి ఎప్పుడూ తట్టలేదు. ఇంతమంది వచ్చారు, ఇంత ఏడ్చారు, తనూ ఇన్నేళ్ళు మొహం తిప్పుకుని తుడిచింది, పగులు కనపడుతుందని, మంచు కనపడుతుందని. పిల్ల కూడా ఉంటుంది కదా అందులో. పిల్ల లేకుండా ఎలా ఉంటుంది. తన బుద్ధి మీద తనకే ఒళ్ళు మండి, ఆ మంటలోనే, భయపడ్డానికి తీరిక లేకుండా, చెక్క సింహం ముందుకి వచ్చి మోకాళ్ళ మీద కూర్చుని అద్దంలోకి చూసింది. ముందు తన మొహమే, నెరిసిన జుట్టు, నుదుటి మీద మసి. తర్వాత అది ఎప్పుడు పోయిందో తెలియలేదు. పసుపుపచ్చని నేల. తన చేతులు, ఎర్రగా, ఉప్పుతో పగిలిపోయి, న్యూసుపేపరు ఒత్తుతున్నాయి, ఆ చేతుల కిందే మంచు, వాకిట్లో తొక్కి మట్టయిన మంచు, రెండూ ఒకే చోట, ఏది ముందో చెప్పడానికి లేదు. ఉండాలి కదా ఒక ముందు, ఒక వెనక, ఇన్నేళ్ళు వేళ్ళ మీద లెక్కపెట్టుకుంది, ఇక్కడ వేలు పెట్టడానికి సందు లేదు. టోఫు ఆవిడ తలుపులో నిలబడి నోరు తెరిచి ఉంది. చాంగ్‌బే టోపీ మేకుకి వేలాడుతోంది. పెట్టె. పెట్టె కింద చీకటి. ఇవన్నీ తనకి తెలిసినవే, తెలిసినవే, ఇదేనా, దీనికోసమా ఇంతమంది కొండెక్కారు అని కోపమొచ్చేంతగా తెలిసినవే. వాటి నడుమ పిల్ల.

“ఎర్ర మేజోళ్ళు వేసుకుంది” అంది.

“ఏ ఎర్రవి? నేనల్లినవా?”

“మీరల్లినవే. ఒకటి మడమ దాకా జారింది. చేతిలో చిలగడదుంప ఉంది, సగం తినేసింది. మూతికంతా అంటుకుంది.”

“పక్క మీద తినద్దంటే వినేది కాదు” అంది ముసలామె. ఇంకా చెప్పమన్నట్టు మోకాలి మీద తట్టింది. పిల్‌సున్ చెప్పింది. జడ ఒకవైపే ఉంది, రెండోది ఊడిపోయింది. పక్క లాగుతుంటే పిల్ల దాని మీదే కూర్చుని బండిలా లాగించుకుంటోంది, నవ్వుతోంది, దగ్గు వచ్చి ఆగి మళ్ళీ నవ్వుతోంది. లాగుతున్నది అత్తగారు, అప్పుడింకా బలమున్న మనిషి, లంగా అంచు నడుముకి దోపి. లాగడం ఆపింది. వంగింది. గోడవార న్యూసుపేపరు అతికించిన చోట అరచెయ్యి ఆనించి, అటు నుంచి ఇటు దాకా నెమ్మదిగా ఒత్తి చూసింది. గోరుతో అంచు గీకి చూసింది. లేవలేదు. తల ఊపుకుంది, తృప్తిగా, కొట్లో మంచి సరుకు చూసినప్పుడు ఊపుకున్నట్టు. అప్పుడు పక్కని అక్కడికి లాగింది.

పిల్‌సున్ చెప్పడం మానేసి అద్దం దగ్గరికి ఇంకా వంగింది. ఇది తనకి తెలియదు. తను ఆ గదిలో లేదు అప్పుడు, వంటింట్లో క్యాబేజీలు తిప్పుతోంది. ఏమైందే అని ముసలామె రెండుసార్లు అడిగింది. “మీరు తడిమి చూశారు. నేనతికించిన చోట.”

మండపంలో ఎక్కడో పైకప్పు కొయ్య చిటుక్కుమంది. ముసలామె అద్దం ఉన్నవైపు కాక, పక్కకి, తలుపులోంచి పడుతున్న ఎండ వైపు మొహం పెట్టుకుని కూర్చుంది.

“చూశాను. నువ్వు చేసిన పని కదా, ఇంక భయం లేదనుకున్నా. నువ్వు ఏదీ సగంలో వదలవు.”

“వదిలాను అత్తయ్యా. పెట్టె కింద జానెడు ఉండిపోయింది. రేపు చేద్దామనుకున్నా.”

“తెలుసు. వారం పోయాక పెట్టె జరిపి చూశాను.”

తెలుసట. ఇరవై రెండేళ్ళుగా తెలుసట. పిల్‌సున్‌కి ఒక్కసారిగా ఆ మూడేళ్ళ భోజనాలన్నీ, ప్రతి చెంచా చప్పుడూ, ప్రతి అందుకే, వరసగా చెవిలో మోగాయి. గొట్టం అన్నారు, బొగ్గు బిళ్ళ అన్నారు, ముల్లంగి నీళ్ళలో ఉప్పన్నారు, ఇన్ని అన్న మనిషి ఇది తెలిసీ ఎందుకు అనలేదని అడిగింది. అడగడం కాదు, అరిచింది. బయట కూర్చున్న గ్లౌజులాయన లేచి మళ్ళీ కూర్చున్నాడు.

“అదంటే నువ్వు బతుకుతావా?” అంది ముసలామె. “ఏదో ఒకటి అనకుండా నేనూ బతకలేను. కాబట్టి మిగతావన్నీ అన్నాను.” మోకాళ్ళు సర్దుకుని, “నువ్వు మాత్రం అన్నావా, పక్క జరిపింది నేనని. రోజూ నీ మొహం చూసి, ఇవాళ అంటుంది, ఇవాళ అంటుంది అనుకునేదాన్ని. అని ఉంటే నాకూ పని తేలికయ్యేది. చెప్పకుండా బస్సెక్కి పోయావు, మొండిదానా.”

పిల్‌సున్‌కి ఏడుపు రాలేదు. ఏడవాలని కూడా అనిపించలేదు. ముందు ఈవిణ్ణి పట్టుకుని కుదిపేయాలనిపించింది, తర్వాత తనని తను. ఇద్దరూ ఒకే బల్ల ముందు కూర్చుని మూడేళ్ళు, ఒకరి దగ్గర ఒకటి దాచి, దాచినందుకు ఒకరినొకరు పీక్కుతిని. ఎవరడిగారు దాచమని. అద్దంలోకి మళ్ళీ చూసింది. పిల్ల పక్క మీద బోర్లా పడుకుని ఏదో చెబుతోంది, కాళ్ళు ఊపుతూ, జారిన మేజోడు ఊగుతూ. ఏం చెబుతోందో వినపడదు, అద్దానికి చెవులు లేవు. ముసలామె అడిగితే అదే చెప్పింది. కాళ్ళు ఊపుతోందని చెప్పగానే ముసలామె మొహం విచ్చుకుంది, పొర కమ్మిన కళ్ళు ఇంత చేసుకుంది. ఊపుతుంది, ఊపుతుంది, నా నడుం మీద తన్నేది అంది. ఇంకోసారి చెప్పమంది. ఇంకోసారి చెప్పింది.

పదకొండు కొట్టాక పిల్‌సున్ తనే అద్దాన్ని తుడిచింది, ఈసారి ముందువైపు నుంచి. మసి మొహం కనిపించింది, దాని వెనక మళ్ళీ ఆ గది కనిపించింది, తుడుస్తూనే ఉంది. దూదిగుడ్డలో చుట్టి నామ్‌గుంగ్ చేతిలో పెట్టింది. ఆయన ఇందాకటి కంటే మెల్లగా అందుకుని, కాస్త తటపటాయించి, నిజంగా కనిపిస్తుందా అమ్మా అని అడిగాడు. కాగితం మీద రాసుకోవడానికైతే కనపడదని రాసుకోండి అంది. అన్నం సంగతి అడిగితే, మొలకలు కడిగి ఉన్నాయి, పొయ్యి అక్కడుంది, నువ్వులనూనె పై అరలో ఉంది, చేతకాకపోతే తలుపేసుకున్న పెద్దస్వామిని లేపండి, ఆయనకి ఒకప్పుడు బియ్యపు బస్తా విప్పడమైనా వచ్చు అంది. పంతొమ్మిదేళ్ళలో వంటింటిని ఇలా వదిలి పోవడం ఇదే మొదలు. కొండ దిగి టాక్సీ దాకా పెద్దావిణ్ణి చేర్చి రావాలి, డ్రైవరు నడుం పట్టుకుపోయి మునుపే కిందికి జారుకున్నాడు.

మెట్ల మొదట్లో వంగి వీపు చూపించింది. ముసలామె నసిగి, నువ్వు పడేస్తావు అని, ఎక్కింది. బరువు లేదు, కాని గడ్డం భుజం మీద గుచ్చుకుంటోంది, మెట్టు మెట్టుకీ ఒక సలహా. ఎడమ కాలు ముందెయ్యి. అక్కడ నాచు ఉంది. నాచుందని కళ్ళు లేకుండా ఎలా తెలుసో. సగం దిగాక, పిల్ల ఉంటే ఇప్పుడు ఇరవై తొమ్మిదేళ్ళు అంది చెవిలో. ముప్పై అంది పిల్‌సున్. ఇరవై తొమ్మిదే, గొర్రె సంవత్సరంలో పుట్టింది అంది ముసలామె. పిల్‌సున్ మెట్టు మీద ఆగిపోయింది. గొర్రె ఏమిటి, గుర్రం సంవత్సరం, కన్నది నేను, సంవత్సరం చివర్లో మంచు పడుతుంటే కన్నాను అంది. ఆడపిల్ల గుర్రంలో పుడితే మొగుణ్ణి తొక్కుతుందంటారని, పెళ్ళికి అడ్డొస్తుందని, కొత్త సంవత్సరం దాకా ఆగి నేనే పోయి జననాల ఆఫీసులో గొర్రె అని రాయించాను, కాగితం మీద గొర్రె అయితే గొర్రే అంది ముసలామె. ఈ సంగతి కూడా ఇప్పుడే చెబుతోంది. ఇంకా ఎన్ని దాచిందో. మీరు ఎక్కడ ఏం రాయించినా అది గుర్రమే, దాని నడక చూశారా ఎప్పుడైనా, గొర్రె అలా తన్నుతుందా అని పిల్‌సున్ గొంతు పెంచింది. గొర్రెలూ తన్నుతాయి, నువ్వు రేవులో పుట్టినదానివి, నీకేం తెలుసు గొర్రెల సంగతి అని భుజం మీద గట్టిగా చరిచింది వీపు మీది మనిషి.

కింద టాక్సీకి ఆనుకుని నిలబడ్డ డ్రైవరు వీళ్ళ అరుపులు విని భయపడి ఎదురొచ్చాడు. ఎవరి గురించి పెద్దమ్మా పోట్లాట అని అడిగాడు.

“మా అమ్మాయి గురించి” అంది పిల్‌సున్, వగరుస్తూ. “ముప్పై ఏళ్ళది.”

“ఇరవై తొమ్మిది” అంది అత్తగారు.